కూలీల కోసం కలకత్తా వచ్చిన హవాయి రాజు

1881 మే నెలాఖరు. ఉత్తర భారతం కొలిమిలా మండుతున్న రోజులు. వైస్రాయి రిప్పన్ ప్రభువు సర్కారు యావత్తూ సిమ్లా కొండలకు తరలిపోయే కాలం. అటువంటి సమయంలో రంగూన్ నుంచి ఓడలో కలకత్తా రేవుకు చేరుకున్నాడు ఒక విదేశీ రాజు. ఆయన వెంట ఉన్న పరివారం ముగ్గురే ముగ్గురు: ఒక మంత్రి, ఒక రాజాంతరంగికుడు, ఒక సేవకుడు. పసిఫిక్ మహాసముద్రం నడిమధ్యలోని హవాయి ద్వీపాలకు ప్రభువైన కలాకౌవా ఆయన. భూగోళాన్ని చుట్టివచ్చిన తొలి పాలక ప్రభువుగా చరిత్రకెక్కిన వ్యక్తి. అయితే ఈ యాత్ర వినోదయాత్ర మాత్రం కాదు. ఆ రాజుకు కావలసింది మనుషులు.

వెంట వచ్చిన మంత్రి విలియం ఆర్మ్‌స్ట్రాంగ్ హోదాయే ఈ సంగతిని చెప్పకనే చెబుతుంది. ఆయన హవాయి రాజ్యానికి అటార్నీ జనరల్. ఈ ప్రయాణం కోసం ప్రత్యేకంగా వలస వ్యవహారాల కమిషనర్ పదవిని కూడా కట్టబెట్టారు. జపాన్, చైనా, సయాం, మలయా, బర్మా, భారత్‌లలో ఎక్కడి జనం తమ ద్వీపాలకు తగినవారో చూసి రావడం ఆయన విధి. రాజు మరణించిన 13 ఏళ్లకు, 1904లో, ఆర్మ్‌స్ట్రాంగ్ ఈ యాత్రపై ఒక గ్రంథం ప్రచురించాడు. తన ప్రభువును అడుగడుగునా చులకన చేసే ఆ గ్రంథమే ఈ పర్యటనకు ముఖ్యాధారం కావడం కలాకౌవా దురదృష్టం.

మనుషుల కొరత ఎందుకు ఏర్పడింది? 1778లో కెప్టెన్ జేమ్స్ కుక్ హవాయి తీరంలో లంగరు వేసిన నాడు ఆ ద్వీపాలలో కనీసం రెండు మూడు లక్షల మంది స్థానికులు ఉండి ఉంటారని అంచనా. నావికులతో పాటు అక్కడ అడుగుపెట్టిన సుఖరోగాలు, మశూచి, తట్టు, విషజ్వరాలు నూరేళ్లలో ఆ జాతిని తుడిచిపెట్టినంత పని చేశాయి. 1878 జనాభా లెక్కల్లో తేలిన స్థానికులు 44 వేల మంది మాత్రమే. మరోవైపు చెరకు తోటలు ఏటేటా విస్తరిస్తున్నాయి. 1875లో అమెరికాతో కుదిరిన పరస్పర వాణిజ్య ఒప్పందం హవాయి పంచదారకు సుంకం లేకుండా ఆ దేశపు విపణిని తెరిచింది. ఒప్పందానికి ముందు సాలీనా సుమారు రెండున్నర కోట్ల పౌన్లు ఉన్న ఎగుమతి 1890 నాటికి దాదాపు 26 కోట్ల పౌన్లకు పెరిగింది. తోటలు ఎవరివంటే, అత్యధికంగా అమెరికన్ మతబోధకుల సంతతివారివి, వారి సాటి వర్తకులవి. 1848లో జరిగిన భూముల మహావిభజనలో సామాన్య ప్రజానీకానికి దక్కినది మొత్తం భూమిలో ఒక శాతం కూడా లేదు. ఆపై 1850లో విదేశీయులకు భూమి కొనుగోలు హక్కు లభించింది. భూమి ఒకరిది, రాజ్యం ఒకరిది, చెమట మూడోవారిది కావలసిన పరిస్థితి అలా దాపురించింది.

రాజు లెక్క మరొకటి. తోటల యజమానులకు చౌక కూలీలు కావాలి. ఆయనకు మాత్రం క్షీణిస్తున్న తన ప్రజలతో కలిసిపోయి, ద్వీపాలను మళ్లీ జనసమృద్ధం చేసే కుటుంబాలు కావాలి. అంతకంటే ముఖ్యంగా, అమెరికా పలుకుబడికి పోటీగా నిలువగల ఆసియా దేశమేదైనా తోడు కావాలి. జపాన్‌లో ఆయన చక్రవర్తి మెయిజీ ఎదుట ఆసియా దేశాల సమాఖ్య ప్రతిపాదన పెట్టాడు. ఐదేళ్ల తన మేనకోడలు కైయులానిని జపాన్ రాకుమారుడికిచ్చి వివాహం చేసే మాట కూడా ఎత్తాడు. రెండింటినీ జపాన్ మర్యాదగా తోసిపుచ్చింది. పట్టుమని లక్ష జనాభా లేని రాజ్యాధిపతి ఇటువంటి ఆలోచన చేయడం నాటి దౌత్యవేత్తలకు నవ్వులాటగా కనిపించింది. ఆయనకు ఎదురు కాబోయే ముప్పు ఎవరివైపు నుంచి వస్తుందో ఆయనకు సరిగానే తెలుసునని ఆ తరువాత పన్నెండేళ్లకే రుజువయింది.

కలకత్తా నాడు ప్రపంచంలోని అతిపెద్ద కూలీల ఎగుమతి రేవులలో ఒకటి. 1834 నుంచి మారిషస్‌కు, ఆపైన ట్రినిడాడ్‌కు, గయానాకు చెరకు తోటల పనికి ఓడలు అక్కడినుంచే వెళ్లేవి. హవాయికి పొరుగనదగిన ఫిజీ ద్వీపాలకు మొదటి ఓడ 'లియోనిడాస్' బయలుదేరింది రాజుగారి రాకకు రెండేళ్ల ముందు, 1879లో. ఇక్కడ తెలుగువారు గుర్తుంచుకోదగిన విషయం ఒకటున్నది. కలాకౌవా అంతకు ముందు దిగిన రంగూన్ రేవులో మూటలు మోసే కూలీలలో అనేకులు గోదావరి, విశాఖ తీరాల నుంచి వెళ్లినవారే. కోరంగి రేవు పేరిట బర్మాలో వారిని 'కోరంగీలు' అని పిలిచేవారు. మద్రాసు రేవు నుంచి 1860లో 'ట్రూరో' ఓడతో మొదలైన నేటాల్ వలసలలోనూ, మారిషస్ వలసలలోనూ గంజాం, విశాఖ, గోదావరి జిల్లాల బీదలు వేల సంఖ్యలో ఉన్నారు. చరిత్ర మరొక్క మలుపు తిరిగి ఉంటే హొనొలులులోనూ నేడు తెలుగు వీధులు ఉండేవని ఊహించడం అతిశయోక్తి కాబోదు.

ఆ మలుపు తిరగకపోవడానికి కారణం భారతదేశపు వలస చట్టంలోనూ, వాషింగ్టన్ అనుమానంలోనూ ఉంది. బ్రిటిష్ సర్కారు అనుమతించిన దేశాలకు తప్ప భారత కూలీలను ఒప్పందంపై తరలించడానికి వీలు లేదు. విదేశీ ప్రభుత్వం ఆ అనుమతి కోరితే విడిగా సంధి కుదుర్చుకోవాలి. డచ్చివారి సురినామ్ 1870 నాటి సంధితో ఆ అనుమతి సంపాదించింది. అయితే ఆ సంధి ప్రకారం అక్కడకు వెళ్లిన కూలీ బ్రిటిష్ ప్రజగానే కొనసాగుతాడు. అన్యాయం జరిగితే ఆ దేశంలోని బ్రిటిష్ కాన్సల్‌ను ఆశ్రయించవచ్చు. ఫ్రెంచివారి రీయూనియన్ ద్వీపంలో కూలీలను పెట్టిన హింసలపై ఫిర్యాదులు ముదిరినప్పుడు 1882లో అక్కడికి వలసలనే నిలిపివేశారు. హవాయి కోరుతున్న సంధి కూడా ఈ కోవలోనిదే కావలసి వచ్చేది.

అమెరికా విదేశాంగ మంత్రి జేమ్స్ బ్లెయిన్ ఈ ప్రమాదాన్ని వెంటనే పసిగట్టాడు. హవాయి అధికార పరిధికి సగమే లోబడి ఉండే బ్రిటిష్ ప్రజలు అక్కడ వేలాదిగా చేరితే, వారి రక్షణ మిషతో బ్రిటన్ పెత్తనం ద్వీపాలపై నెలకొంటుందని ఆయన వాదం. 1881 నవంబరు, డిసెంబరు నెలల్లో హొనొలులులోని తన రాయబారికి పంపిన లేఖలలో ఈ సంగతి స్పష్టం చేశాడు. హవాయి స్వతంత్రంగా ఉండలేని పరిస్థితే వస్తే అది కలవవలసింది అమెరికా వ్యవస్థలోనే తప్ప ఆసియాలో కాదని కూడా సెలవిచ్చాడు. బిహారీ, తెలుగు రైతుకూలీల ప్రస్తావన ఒక అగ్రరాజ్యపు అంతరంగాన్ని ఇంత నిర్మొహమాటంగా బయటపెట్టించడం విశేషమే. భారత కూలీల ప్రతిపాదన అంతటితో కొండెక్కింది. ఆ స్థానాన్ని జపాన్ భర్తీ చేసింది. 1885 ఫిబ్రవరిలో మొదటి ఓడ చేరింది మొదలు 1894 వరకు ప్రభుత్వాల ఒప్పందం కింద సుమారు 29 వేల మంది జపనీయులు హవాయికి వచ్చారు.

కలకత్తా సంగతి ముగించేముందు మరొక మాట. కలాకౌవా నగరంలో దిగినప్పుడు హుగ్లీ ఒడ్డున మటియాబుర్జ్‌లో మరో రాజు నివసిస్తున్నాడు. 1856లో డల్హౌసీ కాలంలో అవధ్ సింహాసనం కోల్పోయిన వాజిద్ అలీ షా ఆయన. కవి, సంగీతప్రియుడు, నృత్యకళకు ఆశ్రయదాత. మిషనరీలు అణచివేసిన హులా నృత్యాన్ని 1883 పట్టాభిషేకోత్సవంలో సగర్వంగా ప్రదర్శింపజేసిన కలాకౌవా కూడా అదే స్వభావం కలవాడు. ఇద్దరి మీదా పడిన నింద కూడా ఒక్కటే, దుబారా. వాజిద్ అలీ షా కన్నుమూసిన 1887లోనే కలాకౌవా అధికారం కూడా కత్తిరింపుకు గురైంది. ఆ ఏడాది జూలై 6న సాయుధ దళం అండతో తోటల యజమానుల బృందం ఆయన చేత కొత్త రాజ్యాంగంపై సంతకం చేయించింది. ప్రజలు దానికి పెట్టిన పేరు 'బాయొనెట్ రాజ్యాంగం'. రాజు అధికారాలు మంత్రివర్గానికి దక్కాయి. ఆస్తి, ఆదాయ నిబంధనలతో స్థానికులలో అధిక సంఖ్యాకులు ఓటు కోల్పోయారు, ఆసియావాసులకు ఓటే లేదు. పౌరసత్వం తీసుకోని అమెరికన్లకు, ఐరోపావారికి మాత్రం ఓటు దక్కింది. అదే సంవత్సరం వాణిజ్య ఒప్పందం పొడిగింపుకు బదులుగా పెరల్ హార్బరును వాడుకునే ప్రత్యేక హక్కు అమెరికా పరమయింది. పంచదార సుంకానికి, నౌకా స్థావరానికి గల సంబంధం అక్కడ ఏ ముసుగూ లేకుండా కనిపిస్తుంది.

1891 జనవరి 20న శాన్‌ఫ్రాన్సిస్కోలో కలాకౌవా మరణించాడు. సోదరి లిలియువోకలాని సింహాసనం అధిష్ఠించింది. అన్న ప్రపంచయాత్రలో ఉన్నప్పుడు రాజ్యభారం వహించిన అనుభవం ఆమెకున్నది. 1881లో మశూచి ప్రబలినప్పుడు రేవులను మూయించి కూలీల ఓడలను నిలిపివేసింది ఆమెయే. వ్యాపార నష్టం పేరిట గొడవ చేసిన వర్తకులను ఆమె లక్ష్యపెట్టలేదు. కిరీటం ధరించేనాటికి ఖజానా ఇబ్బందుల్లో ఉన్నది. అమెరికా చేసిన 1890 మెకిన్లీ సుంకాల చట్టం అన్ని దేశాల పంచదారపైనా సుంకం ఎత్తివేసి, స్వదేశీ ఉత్పత్తిదారులకు పౌనుకు రెండు సెంట్ల ప్రోత్సాహకం ప్రకటించింది. హవాయి పంచదారకున్న ప్రత్యేక లాభం ఒక్క కలంపోటుతో మాయమయింది. అమెరికాలో విలీనమయితే ఆ రెండు సెంట్లు మనవే అవుతాయనే ఆలోచన తోటల వారిలో కొందరికి కలగడంలో ఆశ్చర్యం లేదు. అయితే కూలీల ఒప్పంద పద్ధతి అమెరికా చట్టాల కింద చెల్లదని భయపడి విలీనానికి వెనుదీసిన యజమానులూ ఉన్నారు.

1893 జనవరి 14న బాయొనెట్ రాజ్యాంగం స్థానంలో కొత్తది ప్రకటించాలని రాణి సంకల్పించింది. మంత్రులు వెనుకాడడంతో వాయిదా వేసింది. లోరిన్ థర్స్టన్ నాయకత్వంలోని 13 మంది సభ్యుల 'భద్రతా సంఘం' ఈ అవకాశాన్ని అందిపుచ్చుకుంది. 16వ తేదీన అమెరికా రాయబారి జాన్ స్టీవెన్స్ కోరిక మేరకు 'బోస్టన్' యుద్ధనౌక నుంచి 160 మందికి పైగా సైనికులు తీరంలో దిగారు. 17న శాన్‌ఫోర్డ్ డోల్ అధ్యక్షతన తాత్కాలిక ప్రభుత్వం వెలసింది. రక్తపాతం నివారించే నిమిత్తం రాణి అధికారం వదులుకుంది. తాను లొంగిపోతున్నది ఆ పదముగ్గురికి కాదని, అమెరికా సైనికబలానికి మాత్రమేనని, వాషింగ్టన్ విచారించి న్యాయం చేసేదాకా మాత్రమేనని లిఖితపూర్వకంగా తెలియజేసింది. ఎంతో ఆలోచించి రాసిన వాక్యాలవి. నేటికీ హవాయి హక్కుల వాదనలకు పునాది అవే.

అధ్యక్షుడు క్లీవ్‌లాండ్ విచారణ జరిపించాడు. జరిగినది అన్యాయమని కాంగ్రెసుకు నివేదించాడు. డోల్ మాత్రం గద్దె దిగనన్నాడు. 1895లో రాణి పక్షీయుల తిరుగుబాటు విఫలం కావడంతో ఆమెను సైనిక న్యాయస్థానం దోషిగా ప్రకటించింది. అన్న కట్టించిన ఇయొలాని ప్రాసాదంలోనే మేడమీది ఒక గదిలో ఆమె నెలల తరబడి బందీ అయింది. అక్కడ ఆమె పాటలు కట్టింది, గుడ్డపేలికలతో బొంత కుట్టింది. హవాయి జాతి సృష్టిగాథ 'కుములిపో'ను ఆంగ్లీకరించి 1897లో ప్రచురించింది.

అదే సంవత్సరం విలీన సంధి అమెరికా సెనేట్ ముందుకు వచ్చినప్పుడు నలుగురు స్థానిక ప్రతినిధులు వాషింగ్టన్ చేరి 21 వేలకు పైగా సంతకాలున్న నిరసన పత్రాలు సమర్పించారు. నాటి స్థానిక జనాభా, మిశ్రమ సంతతి సహా, 40 వేల లోపే. ఆ సంధి మూడింట రెండు వంతుల మద్దతు సంపాదించలేక వీగిపోయింది. స్పెయిన్‌తో యుద్ధం వచ్చి ఫిలిప్పీన్స్‌కు దారిలో మజిలీ అవసరమయ్యేసరికి, 1898 జూలై 7న సాధారణ మెజారిటీ చాలే ఉమ్మడి తీర్మానంతో విలీనం పూర్తిచేశారు. సుమారు 18 లక్షల ఎకరాల రాజ్య భూములు అమెరికా పరమయ్యాయి. ఆ సంతకాల కట్టలు వాషింగ్టన్ ప్రభుత్వ పత్రాగారంలో మరుగునపడి, 1996లో నోయెనోయె సిల్వా అనే హవాయి పరిశోధకురాలి చేతికి చిక్కాయి. తాతముత్తాతలు నోరెత్తకుండా తలవంచారని బడిలో చదువుకున్న జనం ఆ కాగితాలలో తమ ఇంటి పెద్దల పేర్లు వెదుక్కున్నారు.

కూలీల సంగతి ఏమయింది? 1900 నాటి లెక్కల ప్రకారం లక్షా 54 వేల జనాభాలో జపనీయులే 61 వేల మంది. వారి బిడ్డలు, ఫిలిప్పీన్స్ కార్మికులు కలిసి 1946లో 79 రోజుల సమ్మెతో తోటల యజమానుల మెడలు వంచారు. 1959లో హవాయి అమెరికాకు 50వ రాష్ట్రం అయినప్పుడు కాంగ్రెసుకు ఎన్నికైన డేనియల్ ఇనౌయే ఆ వలస కుటుంబాల బిడ్డయే. 2012లో మరణించేవరకు ఆయన ప్రజాప్రతినిధిగానే ఉన్నాడు. ద్వీపాలలో చివరి చెరకు మిల్లు 2016లో మూతపడింది. భారత కూలీలు హవాయి వెళ్లలేదు గాని, హవాయి గిటారు మాత్రం కలకత్తాకు వచ్చింది. 1940లలో టావు మో వంటి ద్వీపవాసులు అక్కడ ఉండి ఆ వాద్యాన్ని ప్రచారంలోకి తెచ్చారు. బ్రిజ్‌భూషణ్ కాబ్రా, విశ్వమోహన్ భట్ చేతుల్లో అది హిందుస్తానీ రాగాలు పలికింది.

రాణి 1917 నవంబరు 11న మరణించింది. 1993 నవంబరు 23న అధ్యక్షుడు క్లింటన్ సంతకంతో అమెరికా ప్రభుత్వం 1893 నాటి చర్యకు హవాయి ప్రజలను లాంఛనంగా క్షమాపణ కోరింది. సెనేట్‌లో ఆ తీర్మానానికి 65 మంది అనుకూలురు, 34 మంది ప్రతికూలురు. స్థానిక హవాయి సంతతికి చెందిన తొలి సెనేటర్ డేనియల్ అకాకా దానికి కర్త. క్షమాపణతో పాటు భూములు తిరిగి రాలేదు. ఆ తీర్మానాన్ని ఆధారం చేసుకుని, స్థానికుల హక్కులు తేలేవరకు ఆ 18 లక్షల ఎకరాలలోని రాష్ట్ర భూములను అమ్మరాదని హవాయి సుప్రీంకోర్టు 2008లో ఆదేశించింది. మరుసటి ఏడాది మార్చి 31న వాషింగ్టన్‌లోని అమెరికా సుప్రీంకోర్టు ఆ తీర్పును ఏకగ్రీవంగా కొట్టివేసింది. భూములు అమ్ముకునే అధికారాన్ని క్షమాపణ తీర్మానం రాష్ట్రం నుంచి తీసివేయలేదని న్యాయమూర్తులు తేల్చారు.