మన ఊరి కథ ఏ పుస్తకంలో ఉంది?

పెదకూరపాడులో రైలు స్టేషన్ ఉంది. అక్కడ బోర్డు మీద ఊరి పేరు రాసి ఉంటుంది. ఇన్నేళ్ళూ ఆ బోర్డును చూడటమే గాని చదవలేని ఒక తల్లి ఉందనుకుందాం. ఆమె ఇప్పుడు అక్షరాలు నేర్చుకుంది. కూడబలుక్కుని చదివింది. "పె-ద-కూ-ర-పా-డు."

పక్కనున్న మనవడు అడిగాడు. "నాయనమ్మా, మన ఊరికి ఈ పేరు ఎందుకు పెట్టారు?"

"ఏమో నాయనా! మా పెద్దోళ్ళు ఎవరూ చెప్పలా" అన్నది ఆమె.

మనలో చాలామంది చెప్పే జవాబు ఇదే. కాని జవాబు వెతకడానికి దారులున్నాయి. ఆ దారులు పుస్తకాల్లో ఉన్నాయి.

పేరుతో మొదలు పెడదాం

"పాడు" అనగానే పాడుబడిన ఊరేమో అనుకుంటాం. కాని పాత తెలుగులో పాడు అంటే ఊరు అనే అర్థం కూడా ఉంది. ఈ సంగతి నిఘంటువు చూస్తే తెలుస్తుంది. నిఘంటువు అంటే మాటలకు అర్థాలు చెప్పే పుస్తకం.

"పెద" అంటే పెద్ద. మరి నడుమ ఉన్న "కూర" సంగతి ఏమిటి? అది తినే కూరే అని తొందరపడి చెప్పకూడదు. జనం నోట్లో నాని ఊళ్ళ పేర్లు మారిపోతాయి. పాత కాగితాల్లో, రాళ్ళ మీద చెక్కిన శాసనాల్లో ఆ పేరు ఎలా ఉందో చూడాలి. అప్పుడే నిజం తెలుస్తుంది.

ఊరూరా తిరిగి రాసిన కైఫియత్తులు

సుమారు రెండు వందల ఏళ్ళ కిందట కాలిన్ మెకంజీ అనే దొర ఉండేవాడు. కుంపిణీ ప్రభుత్వంలో పనిచేసేవాడు. భూములు కొలిచి పటాలు గీయించడం అతని పని. 1815లో మొత్తం దేశానికే సర్వేయర్ జనరల్ అయ్యాడు. అతనికి ఊళ్ళ చరిత్ర మీద ఆసక్తి ఎక్కువ. కాని మన భాషలు రావు. మరి పని ఎలా జరిగింది?

ఆ పని చేసింది మన తెలుగువాళ్ళే. కావలి వెంకట బొర్రయ్య, అతని తమ్ముడు లక్ష్మయ్య వారిలో ముఖ్యులు. బొర్రయ్య 1803లో చిన్న వయసులోనే చనిపోయాడు. లక్ష్మయ్య ఆ పనిని కొనసాగించాడు. వీరి మనుషులు ఊరూరా తిరిగారు. కరణాలను, పూజారులను, పెద్దలను అడిగారు. కరణాల దగ్గర ఉన్న పాత కవిలెలు చూశారు. గుళ్ళలోని శాసనాలు ఎత్తి రాసుకున్నారు.

అలా రాసిన వాటిని కైఫియత్తులు అంటారు. కైఫియత్తు అంటే వివరం. ఊరికి పేరు ఎలా వచ్చింది, గుడి ఎవరు కట్టించారు, చెరువు ఎవరు తవ్వించారు, ఏ రాజు ఎవరికి ఎంత భూమి ఇచ్చాడు, ఇలాంటి సంగతులు అందులో ఉంటాయి. గుంటూరు ప్రాంతపు కైఫియత్తులు తర్వాతి కాలంలో పుస్తకాలుగా అచ్చయ్యాయి.

రాసింది మిగిలింది

రాసి పెట్టడం ఎంత అవసరమో తెలియాలంటే అమరావతి కథ తెలుసుకోవాలి. అమరావతి పెదకూరపాడుకు దగ్గరలోనే ఉంది. అక్కడ దీపాలదిన్నె అనే మట్టిదిబ్బ ఉండేది. దాని కింద రెండు వేల ఏళ్ళనాటి బౌద్ధ స్తూపం ఉందని ఎవరికీ తెలియదు.

పద్దెనిమిదో శతాబ్దం చివర జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రినాయుడు అమరావతిలో కొత్త పట్నం కట్టించాడు. అప్పుడు ఇటుకల కోసం, రాళ్ళ కోసం దిబ్బను తవ్వారు. చక్కని బొమ్మలు చెక్కిన రాళ్ళు బయటపడ్డాయి. కొన్ని కట్టడాల్లోకి పోయాయి. కొన్నింటిని కాల్చి సున్నం చేశారు.

మెకంజీ ఈ సంగతి విని వచ్చి చూశాడు. 1816లో మళ్ళీ వచ్చాడు. అప్పటికే చాలా రాళ్ళు పోయాయి. ఉన్నవాటికి బొమ్మలు గీయించాడు. ఆ తర్వాత కూడా కొన్ని రాళ్ళు మాయమయ్యాయి. వాటి రూపం ఈనాడు మనకు తెలుస్తున్నదంటే ఆ కాగితాల వల్లనే. మిగిలిన రాళ్ళు చెదిరిపోయాయి. కొన్ని అమరావతి మ్యూజియంలో, కొన్ని చెన్నై మ్యూజియంలో, కొన్ని సముద్రం దాటి లండన్‌లో ఉన్నాయి.

ఆ రాళ్ళ మీద అక్షరాలు కూడా ఉన్నాయి. భాష ప్రాకృతం. లిపి బ్రాహ్మి. ఆ లిపిని చదవడం అందరూ మరిచిపోయారు. 1837లో జేమ్స్ ప్రిన్సెప్ అనే ఆయన మళ్ళీ చదివి చెప్పాడు. ఆ తర్వాత ఎన్నో సంగతులు బయటపడ్డాయి. ఒక రాయి మీద విధికుడు అనే మనిషి పేరు ఉంది. అతను రాజు కాదు. తోలు పని చేసే మనిషి. తల్లితో, భార్యతో, అన్నదమ్ములతో, పిల్లలతో కలిసి ఆ రాయిని దానం ఇచ్చాడు. ఒక చర్మకారుడి పేరు రెండు వేల ఏళ్ళుగా నిలిచి ఉంది. ఎందుకు నిలిచింది? రాసి పెట్టారు గనుక.

చదివిందంతా నిజమేనా?

పల్నాడు అనగానే బ్రహ్మనాయుడు, నాగమ్మ, కోడిపందెం, కారంపూడి యుద్ధం గుర్తుకొస్తాయి. ఆ యుద్ధం పన్నెండో శతాబ్దంలో జరిగింది. శ్రీనాథుడు రాశాడని చెప్పే పల్నాటి వీరచరిత్ర పదిహేనో శతాబ్దానిది. నడుమ రెండు వందల ఏళ్ళకు పైగా గడిచాయి. ఆ పుస్తకాన్ని అక్కిరాజు ఉమాకాంతం గారు 1911లో అచ్చు వేయించారు.

అన్నేళ్ళు జనం పాడుకున్న కథలో కల్పన కలవకుండా ఉంటుందా? ఉండదు. అలాగని అంతా అబద్ధమూ కాదు. అందుకే ఏ పుస్తకం చదివినా మూడు ప్రశ్నలు అడగాలి. ఎవరు రాశారు? ఎప్పుడు రాశారు? ఎవరిని అడిగి రాశారు?

కైఫియత్తులను కూడా ఇలాగే అడగాలి. వాటిలో కరణం చెప్పిన మాట ఉంది. ఇనాముదారు చెప్పిన మాట ఉంది. నాట్లు వేసిన ఆడవాళ్ళ మాట, చెరువు మట్టి మోసిన కూలీల మాట దొరకడం కష్టం.

1832-33లో గుంటూరు సీమలో పెద్ద కరువు వచ్చింది. నందన సంవత్సరంలో వచ్చింది గనుక నందన కరువు అన్నారు. డొక్కల కరువు అని కూడా అన్నారు. లక్షమందికి పైగా చనిపోయారు. చావుల లెక్క, శిస్తు లెక్క సర్కారు పుస్తకాల్లో ఉంటుంది. ఒక తల్లి ఏ ఆకు, ఏ గడ్డ ఉడకబెట్టి బిడ్డను బతికించుకుందో లెక్కల పుస్తకంలో ఉండదు.

ఎక్కడ వెతకాలి?

ముందు గ్రంథాలయానికి వెళ్ళండి. "మా ఊరి చరిత్ర ఏ పుస్తకాల్లో ఉంటుందండీ?" అని అడగండి. అడగడానికి సిగ్గుపడవద్దు.

ఒక సంగతి గుర్తుంచుకోండి. ఊరు కదలదు గాని జిల్లా పేరు మారుతుంది. 2022 ఏప్రిల్ 4 నుంచి పెదకూరపాడు పల్నాడు జిల్లాలో ఉంది. అంతకు ముందు గుంటూరు జిల్లా. ఇంకా వెనక్కి పోతే, 1859లో గుంటూరును కృష్ణా జిల్లాలో కలిపేశారు. 1904లో మళ్ళీ విడదీశారు. కాబట్టి ఆ నడుమ కాలపు సంగతులు కృష్ణా జిల్లా పేరు మీద ఉన్న పుస్తకాల్లో వెతకాలి. 1883లో గార్డన్ మెకంజీ ఇంగ్లీషులో రాసిన కృష్ణా జిల్లా మాన్యువల్ అలాంటిదే. ఈయన వేరు, కైఫియత్తులు రాయించిన మెకంజీ వేరు. ఇంగ్లీషు పుస్తకమైతే బడి పంతులు గారినో, కాలేజీలో చదివే పిల్లలనో అడిగి చదివించుకోవచ్చు.

లేనిది మనం రాద్దాం

వెతికినా దొరకని సంగతులు ఉంటాయి. వాటిని రాయడం మన వంతు. ఊళ్ళో అందరికంటే పెద్ద వయసు వాళ్ళ దగ్గరకు వెళ్ళండి. కూర్చుని అడగండి. మంచినీళ్ళ బావి ఎప్పుడు తవ్వారు? అందరినీ తోడుకోనిచ్చారా? మొదట బడికి పోయిన ఆడపిల్ల ఎవరు? రోజుకు కూలి ఎంత ఇచ్చేవారు? వాళ్ళు చెప్పింది చెప్పినట్టే నోటు పుస్తకంలో రాయండి. చెప్పినవాళ్ళ పేరు, వయసు, ఆ రోజు తేదీ వేయండి. ఇద్దరు రెండు రకాలుగా చెబితే రెండూ రాయండి.

బోర్డు చదివిన ఆ తల్లి కూడా ఈ పని చేయగలదు. అక్షరాలు తప్పు పోతాయని భయం వద్దు. తప్పు దిద్దుకోవచ్చు. చెప్పే మనిషి పోయాక మాత్రం అడగడానికి ఎవరూ ఉండరు.

ఆలోచించండి - చేయండి

1. మీ ఊరి పేరు ఎలా వచ్చింది? పెద్దలను అడగండి. నిఘంటువు కూడా చూడండి.

2. మీ ఊళ్ళో శాసనం ఉన్న రాయి ఉందా? దానికి సున్నం కొట్టకుండా, పగలగొట్టకుండా కాపాడండి.

3. మీ అమ్మమ్మ గాని నాయనమ్మ గాని చెప్పిన ఒక పాత సంగతిని పది వాక్యాల్లో రాయండి. రాసింది వాళ్ళకు చదివి వినిపించండి.