నాదా? నీదా? – గుత్తా జ్వాల డబుల్స్ ప్రయాణం



మన హాస్టల్లో షటిల్ ఆడని వాళ్ళు తక్కువ. ఉన్నది ఒకటే కోర్టు. ఒక పక్క వేపచెట్టు, ఇంకో పక్క ఇనుప స్తంభం, మధ్యలో నెట్టు. స్టడీ అవర్ బెల్లు కొట్టే లోపు దొరికేది గంట. ఆడాలని నిలబడేది ఇరవై మంది. అందుకే మనం ఎప్పుడూ నలుగురం కలిసి డబుల్సే ఆడతాం. మొన్న డిగ్రీ మొదటి సంవత్సరం చెల్లి ఒకరు, "అక్కా, చోటు లేక ఇలా ఆడుతున్నాం గానీ, అసలు ఆటంటే సింగిల్సే కదా?" అని అడిగింది. అప్పుడు సరిగా చెప్పలేకపోయాను. ఆ జవాబే ఈ వ్యాసం.

దీని వెనుక నా తప్పు కూడా ఒకటుంది. పోయిన సంవత్సరం హాస్టళ్ళ పోటీలో నేనూ నా రూమ్మేటూ జంటగా ఆడాం. 19–20 దగ్గర కాక్ సరిగ్గా మా ఇద్దరి మధ్యకు వచ్చింది. ఆమె కొడుతుందని నేను, నేను కొడతానని ఆమె, చూస్తూ నిలబడ్డాం. కాక్ నేల మీద పడింది. ఆట పోయింది. నేను అందరి ముందూ "అది నీదే!" అని అరిచాను. ఆమె ఒక్క మాటా అనలేదు. పక్క పక్క మంచాల మీద పడుకుంటూ పది రోజులు మాట్లాడుకోలేదు.

ఆ కాక్ ఎవరిదో తేల్చుకోవాలనిపించింది. ఆదివారం అబిడ్స్‌లో ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు అమ్మే చోట క్రీడా పత్రికలు కొన్ని కొన్నాను. డబుల్స్ గురించి దొరికినదల్లా చదివాను. ఎటు తిప్పి చదివినా ఒక పేరు దగ్గరకే వచ్చాను. ఆమె గుత్తా జ్వాల. మనకు నడిచి వెళ్ళేంత దూరంలోనే ఆట నేర్చుకున్న మనిషి.

ఫతే మైదాన్ నుంచి

నాంపల్లి స్టేషన్ దగ్గర బయలుదేరి పబ్లిక్ గార్డెన్స్, అసెంబ్లీ దాటితే లాల్ బహదూర్ స్టేడియం వస్తుంది. అబిడ్స్ నుంచి చాపెల్ రోడ్డు మీదుగా వెళ్ళినా అక్కడికే చేరతాం. పాతవాళ్ళు ఇప్పటికీ ఫతే మైదాన్ అంటారు. చాలామందికి అది క్రికెట్ మైదానంగానే తెలుసు. కానీ అక్కడి ఇండోర్ హాలులో ఎస్.ఎం. ఆరిఫ్ గారు ఎన్నో ఏళ్ళు బ్యాడ్మింటన్ నేర్పారు. 2001లో ఆల్ ఇంగ్లండ్ గెలిచిన పుల్లెల గోపీచంద్ కూడా ఆయన దగ్గర నేర్చుకున్నవారే. ఆరిఫ్ గారికి 2000లో ద్రోణాచార్య అవార్డు, 2012లో పద్మశ్రీ వచ్చాయి.

జ్వాల 1983 సెప్టెంబరు 7న మహారాష్ట్రలోని వార్ధాలో పుట్టారు. తండ్రి తెలుగువారు. తల్లి చైనా దేశస్థురాలు. పెరిగింది హైదరాబాదులో. చిన్న వయసులోనే ఆరిఫ్ గారి శిక్షణలో చేరారు. 2000లో, పదిహేడేళ్ళకు, జూనియర్ జాతీయ విజేత అయ్యారు. ఆ తర్వాత శ్రుతి కురియన్‌తో జంట కట్టి 2002 నుంచి 2008 వరకు వరుసగా ఏడు సంవత్సరాలు మహిళల డబుల్స్‌లో జాతీయ టైటిల్ గెలిచారు. మొత్తం 14 జాతీయ టైటిళ్ళు ఆమె పేరున ఉన్నాయి.

అప్పటికి మన దేశంలో బ్యాడ్మింటన్ పేరు తెచ్చుకున్నదంతా సింగిల్స్‌లోనే. ప్రకాశ్ పదుకొనె, గోపీచంద్, తర్వాత సైనా నెహ్వాల్. డబుల్స్ అంటే సింగిల్స్‌లో నిలవలేని వాళ్ళు ఆడేదనే మాట ఉండేది. జ్వాల మాత్రం కోరి డబుల్స్‌లోనే నిలబడ్డారు.

డబుల్స్ వేరే ఆట

ఎందుకు వేరే ఆట అంటున్నానో చెబుతాను. కోర్టు పొడవు 44 అడుగులు. సింగిల్స్‌కు వెడల్పు 17 అడుగులైతే డబుల్స్‌కు 20. పెరిగింది మూడు అడుగులే, మనుషులు మాత్రం రెట్టింపు. కాబట్టి ఖాళీ తక్కువ, వేగం ఎక్కువ. డబుల్స్‌లో సర్వీసు పడాల్సిన వెనుక గీత రెండున్నర అడుగులు ముందుకు ఉంటుంది. ఎత్తుగా, దూరంగా సర్వీసు చేస్తే ఎదుటివాళ్ళు స్మాష్ కొట్టేస్తారు. అందుకే ఎక్కువగా నెట్టుకు ఆనించినట్టు చిన్న సర్వీసు చేస్తారు. మొదటి మూడు నాలుగు దెబ్బల్లోనే పాయింటు ఎటు పోతుందో చాలాసార్లు తేలిపోతుంది.

దాడి చేసేటప్పుడు జంటలో ఒకరు వెనుక, ఒకరు ముందు ఉంటారు. వెనుక ఉన్నవారు స్మాష్ కొడతారు, అది తిరిగి వస్తే ముందున్నవారు నెట్టు దగ్గర ముగిస్తారు. కాచుకునేటప్పుడు ఇద్దరూ పక్క పక్కన నిలబడతారు. ఒక్క పాయింటులోనే ఈ రెండు పద్ధతుల మధ్య నాలుగైదు సార్లు మారాల్సి రావచ్చు. మాట్లాడుకునే వ్యవధి ఉండదు.

ఇంకో సంగతి. టేబుల్ టెన్నిస్ డబుల్స్‌లో జంటలో ఇద్దరూ ఒకరి తర్వాత ఒకరు కొట్టి తీరాలి. మన ఆటలో అలా లేదు. సర్వీసు అందుకునేది ఎవరో నియమం చెబుతుంది. ఆ తర్వాత ఎవరైనా కొట్టవచ్చు, ఒకరే వరుసగా కొట్టినా తప్పు లేదు. అంటే పనిని ఇద్దరికీ పంచేది నియమాల పుస్తకం కాదు, వాళ్ళకు ఒకరి మీద ఒకరికి ఉన్న నమ్మకమే.

మరి మధ్యకు వచ్చే కాక్ ఎవరిది? ఇద్దరూ కుడిచేతివాళ్ళయితే, ఎడమవైపు నిలబడినవారికి మధ్య భాగం ఫోర్‌హ్యాండ్ వైపు పడుతుంది. కుడివైపు ఉన్నవారికి అది బ్యాక్‌హ్యాండ్. కాబట్టి మామూలుగా ఎడమవైపు ఉన్నవారే మధ్య కాక్ తీసుకోవాలి. జ్వాల ఎడమచేతివాటం. ఆమె పక్కన కుడిచేతివారు ఉంటే ఈ లెక్క మారుతుంది. ఆమె కుడివైపు నిలబడితే ఇద్దరి ఫోర్‌హ్యాండూ మధ్యకే వస్తుంది. ఎడమవైపు నిలబడితే ఇద్దరి ఫోర్‌హ్యాండూ బయటి గీతల వైపు ఉంటుంది. ఎదుటి జంట ప్రతిసారీ కొత్తగా ఆలోచించుకోవాలి.

పతకాల సంవత్సరాలు

మిక్స్‌డ్ డబుల్స్‌లో కేరళకు చెందిన వి. దిజు ఆమెకు జంట. 2009 ఆగస్టులో ప్రపంచ ఛాంపియన్‌షిప్ మన గచ్చిబౌలిలోనే జరిగింది. అందులో ఈ జంట క్వార్టర్ ఫైనల్ చేరింది. అదే ఏడాది చివర సూపర్ సిరీస్ మాస్టర్స్ ఫైనల్స్‌లో రన్నరప్‌గా నిలిచింది.

మహిళల డబుల్స్‌లో కర్ణాటకకు చెందిన అశ్విని పొన్నప్ప వచ్చి చేరారు. అశ్వినిది వెనుక నుంచి బలమైన స్మాష్. జ్వాలది నెట్టు దగ్గర చేతి నేర్పు. 2010 అక్టోబరు 14, ఢిల్లీ కామన్వెల్త్ క్రీడల చివరి రోజు. సింగపూర్ జంటను వీరిద్దరూ 21–16, 21–19తో ఓడించి స్వర్ణం గెలిచారు. అదే రోజు సైనా కూడా స్వర్ణం గెలిచింది. ఆ రెండిటితో మన దేశం 38 స్వర్ణాలకు చేరి, 37 ఉన్న ఇంగ్లండును దాటి రెండో స్థానంలో నిలిచింది.

2011లో లండన్ ప్రపంచ ఛాంపియన్‌షిప్. జ్వాల, అశ్విని సెమీస్ చేరారు. అక్కడ చైనా జంట తియాన్ కింగ్, ఝావో యున్లీ చేతిలో ఓడి కాంస్యం తెచ్చారు. ఆ చైనా జంటే మరుసటి ఏడు ఒలింపిక్ స్వర్ణం గెలిచింది. ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో అంతకు ముందు మనకున్నది 1983లో ప్రకాశ్ పదుకొనె తెచ్చిన కాంస్యం ఒక్కటే. 28 ఏళ్ళ తర్వాత రెండో పతకం వచ్చింది. అది వచ్చింది డబుల్స్‌లో. ఆ సంవత్సరమే జ్వాలకు అర్జున అవార్డు ప్రకటించారు.

ఒక్క పాయింటు

2012 లండన్ ఒలింపిక్స్‌కు జ్వాల రెండు విభాగాల్లో అర్హత సాధించారు. ఒకే ఒలింపిక్స్‌లో బ్యాడ్మింటన్ రెండు విభాగాలు ఆడిన మొదటి భారతీయురాలు ఆమే. మిక్స్‌డ్‌లో మూడు మ్యాచ్‌లూ ఓడారు. మహిళల డబుల్స్‌లో జరిగింది మాత్రం లెక్కవేసి చూడాలి.

మొదటి మ్యాచ్‌లో జపాన్ చేతిలో 16–21, 18–21తో ఓడారు. రెండో మ్యాచ్‌లో చైనీస్ తైపీని 25–23, 16–21, 21–18తో గెలిచారు. మూడో మ్యాచ్‌లో సింగపూర్‌ను 21–16, 21–15తో గెలిచారు. గ్రూపులో మూడు జంటలకు రెండేసి విజయాలు వచ్చాయి. అప్పుడు గేములు, ఆ తర్వాత పాయింట్ల తేడా చూస్తారు. మనవాళ్ళు సాధించినవి 138, ఇచ్చినవి 135. అంటే ప్లస్ 3. జపాన్ జంటకు ప్లస్ 4. ఒక్క పాయింటు తేడాతో మనవాళ్ళు బయటికి వచ్చేశారు.

తైపీ మీద మ్యాచ్ కూడి చూడండి. మనకు 62, వాళ్ళకూ 62. గెలిచిన మ్యాచే గానీ పాయింట్ల లెక్కలో మిగిలింది సున్నా. సింగపూర్ మీద సులువుగా గెలుస్తున్నప్పుడు పోయిన పాయింట్లు కూడా చివరికి లెక్కకు వచ్చాయి. చివరి మ్యాచ్‌లో జపాన్ జంట తైపీ చేతిలో ఓడిన తీరు మీద మన బృందం ఫిర్యాదు చేసింది గానీ ఫలితం మారలేదు. ఆ ఒలింపిక్స్‌లోనే, తర్వాతి రౌండులో తమకు అనుకూలమైన ప్రత్యర్థి రావాలని కావాలనే ఓడిపోవడానికి ఆడినందుకు చైనా, దక్షిణ కొరియా, ఇండోనేషియాలకు చెందిన నాలుగు మహిళల జంటలను బహిష్కరించారు. తర్వాత ఒలింపిక్స్ డ్రా పద్ధతినే మార్చారు.

కోర్టు బయట

2013లో ఇండియన్ బ్యాడ్మింటన్ లీగ్ మొదలైంది. జ్వాల, అశ్విని ఐకాన్ క్రీడాకారులు. వేలంలో వాళ్ళ కనీస ధర 50 వేల డాలర్లు. కానీ లీగ్ నుంచి మహిళల డబుల్స్‌నే తీసేశారు. ఈ ఇద్దరి ధర 25 వేలకు తగ్గించారు. ప్రపంచ పతకం తెచ్చిన జంట విలువ ఆట మొదలవక ముందే సగమైంది. జ్వాల ఊరుకోలేదు, బహిరంగంగా ప్రశ్నించారు. అదే లీగ్‌లో ఒక మ్యాచ్ దగ్గర జరిగిన వివాదం తర్వాత ఆమెపై జీవితకాల నిషేధం విధించాలని జాతీయ సంఘం క్రమశిక్షణ కమిటీ సిఫారసు చేసింది. ఆమె ఢిల్లీ హైకోర్టుకు వెళ్ళి 2013 అక్టోబరులో ఊరట పొందారు.

ఆ ఊరట వచ్చి ఏడాది తిరక్కుండానే, 2014లో ఆసియా ఛాంపియన్‌షిప్‌లో కాంస్యం, ఊబర్ కప్‌లో జట్టుతో కాంస్యం, గ్లాస్గో కామన్వెల్త్ క్రీడల్లో రజతం గెలిచారు. 2015లో అశ్వినితో కలిసి కెనడా ఓపెన్ గెలిచారు. 2016 రియో ఒలింపిక్స్‌లో మూడు మ్యాచ్‌లూ ఓడారు. అక్కడ వీళ్ళ గ్రూపులో ఉన్న జపాన్ జంటే చివరికి స్వర్ణం గెలిచింది. ఆ తర్వాత జ్వాల క్రమంగా అంతర్జాతీయ ఆట నుంచి తప్పుకున్నారు. హైదరాబాద్ శివార్లలో మొయినాబాద్ దగ్గర సొంత అకాడమీ పెట్టారు.

ఆమె తర్వాత డబుల్స్ ఆగలేదు. మన అమలాపురం అబ్బాయి సాత్విక్ సాయిరాజ్, ముంబై అబ్బాయి చిరాగ్ శెట్టి జంట 2022లో ప్రపంచ కాంస్యం, 2023లో ఆసియా క్రీడల స్వర్ణం గెలిచి, ఆ ఏడాదే ప్రపంచ నంబర్ వన్ అయింది. ఇప్పుడు డబుల్స్‌ను మిగిలిపోయిన వాళ్ళ ఆట అనే ధైర్యం ఎవరికీ లేదు.

ఆ కాక్ ఎవరిది?

చివరగా నా సంగతి. మేమిద్దరం కుడిచేతివాళ్ళమే. ఆ రోజు ఎడమవైపు నిలబడింది నేను. మధ్యకు వచ్చిన కాక్ నా ఫోర్‌హ్యాండ్ వైపు వచ్చింది. అంటే అది నాది. ఈ సంగతి తెలిసిన రోజు రాత్రి కాగితం మీద కోర్టు గీసి నా రూమ్మేటుకు చూపించి క్షమించమన్నాను. ఆమె నవ్వి, "నాకు ఆ రోజే తెలుసు. అందరి ముందూ నిన్నెందుకు అనాలి?" అంది. డబుల్స్ గురించి నేను చదివిన వాటిలో ఎక్కడా ఆ మాట లేదు.

మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటి మనిషిని నేను. మా అన్నయ్య పదో తరగతితో మానేసి సెంట్రింగ్ పనికి వెళ్ళాడు. నాకంటే బాగా లెక్కలు చేసేవాడు. డిగ్రీ పట్టా మీద నా పేరొక్కటే రాశారు. వెనుక నిలబడి కొట్టినవాడి పేరు రాసే చోటు దాని మీద లేదు. కానీ స్కోరు ఇద్దరిదీ అని నాకు తెలుసు.

చెల్లీ, నువ్వడిగిన దానికి ఇదే నా జవాబు. చోటు లేక డబుల్స్ ఆడుతున్నామని అనుకోకు. మనలో ఎవరం ఇక్కడికి ఒంటరిగా వచ్చాం? రేపు సాయంత్రం కోర్టులో కాక్ మధ్యకు వస్తే "నాది" అని గట్టిగా అరిచి కొట్టు. తగలకపోతే "నాదే తప్పు" అని కూడా అంతే గట్టిగా చెప్పు.