కంచె అవతల మన చేను

మన పొలానికి మనం వెళ్లాలంటే ఎవరి అనుమతైనా కావాలా? "అదేం ప్రశ్న!" అంటారు మీరు. మావారి ఉద్యోగం వల్ల ఫిరోజ్‌పూర్ వచ్చేదాకా నేనూ అలాగే అనుకునేదాన్ని.

పంజాబ్‌కి పాకిస్తాన్‌తో 553 కిలోమీటర్ల సరిహద్దు ఉంది. 1980ల చివర్లో అక్కడ ముళ్లకంచె వేయడం మొదలుపెట్టారు. అయితే కంచె సరిగ్గా గీత మీద ఉండదు. మన వైపు లోపలికి జరిపి వేశారు. దాంతో 20 వేలకు పైగా ఎకరాల మన సాగుభూమి కంచెకీ గీతకీ మధ్య ఉండిపోయింది. దున్నాలన్నా, కలుపు తీయాలన్నా గేటు దాటాల్సిందే.

మాకు పాలు పోసే బీబీజీకి అలాంటి పొలం మూడెకరాలుంది. గేటు తెరిచేది పగటిపూటే, అదీ చెప్పిన వేళకే. గుర్తింపు కార్డు చూపించి, పుస్తకంలో పేరు రాయించుకోవాలి. మనిషినీ, ట్రాక్టర్‌నీ, ఆఖరికి రొట్టెల మూటనీ విప్పి చూస్తారు. చెరకులాంటి ఎత్తు పైర్లు వేయకూడదు, చాటున ఎవరైనా దాక్కోవచ్చని. పొగమంచు కమ్మితే గేటు ఆలస్యం. సగం మడికే నీళ్లు పారినా సాయంత్రం వేళకి బయటికి రావాల్సిందే.

మరి ఆడవాళ్ల సంగతి? తనిఖీకి ఆడవాళ్లు లేక చాలా ఏళ్లు వాళ్లు గేటు దాటడమే కష్టమైంది. "మగాళ్ల చేత ఒళ్లు తడిమించుకుంటామా బేటీ?" అంటుంది బీబీజీ. 2009లో బీఎస్ఎఫ్‌లో తొలిసారి మహిళా కానిస్టేబుళ్లు సరిహద్దు కాపలాకి వచ్చారు. అప్పటినుంచి కోతలకీ, కలుపులకీ ఆడవాళ్లు వెళ్లగలుగుతున్నారు.

కాపలా ఎందుకో ఊరివాళ్లకి తెలియక కాదు. ఈమధ్య డ్రోన్లతో హెరాయిన్ పొట్లాలు పొలాల్లో పడేస్తున్నారు. పొట్లం ఎవరి చేలో దొరికితే మొదటి ప్రశ్న వాళ్లకే! రాత్రి ఆకాశంలో కాస్త చప్పుడైనా, ఎదిగిన కొడుకున్న బీబీజీకి నిద్ర పట్టదట.

2025 ఏప్రిల్‌లో పహల్గాం దాడి జరిగాక, కంచె అవతల గోధుమ కోతలు రెండ్రోజుల్లో ముగించమన్నారు. ఇంటిల్లిపాదీ, చుట్టాలూ కలిసి ఎలాగో గింజలు ఇంటికి చేర్చారు. పశువులకి ఎండుగడ్డి తెచ్చుకునే వ్యవధి మాత్రం దొరకలేదు.

"పోనీ, అమ్మేయకపోయారా?" అని అడిగాను. "తాళం వేసిన పొలం ఎవరు కొంటారు బేటీ?" అంది.

దేశానికి కాపలా మనందరికోసం. దాని బరువు ఎక్కువగా మోసేది ఇలాంటి ఇళ్లు. గేటు ఇంకాసేపు తెరవమనీ, ఇస్తామన్న పరిహారం ఏటా వేళకి అందించమనీ వాళ్లు అడుగుతున్నారు. అది ఎక్కువేం కాదనిపిస్తుంది నాకు. మీరేమంటారు?