వెంటిలేటర్ లేని వంటిల్లు

హైదరాబాద్‌లో షాలిబండ, అలియాబాద్ దాటి ఫలక్‌నుమా వైపు వెళ్తుంటే జహనుమా తగులుతుంది. ‘పైగా’ అనే వంశానికి చెందిన సర్ అస్మాన్ జా మహలు పేరే ఈ బస్తీ పేరు. జహాన్ అంటే లోకం, నుమా అంటే చూపించేది. ఆ వైభవాన్ని ఇప్పుడు పాత ఫొటోల్లో వెతుక్కోవాలి. గల్లీల్లో కనిపించేవి వేరు: పచ్చరంగు పెచ్చులూడి కింది నీలం బయటపడ్డ గోడ, వాకిలికి వేలాడే పరదా, మూలన సొట్టపడ్డ బిందె. మామూలు కంటికి ఇది పాతబడ్డ ఇల్లు. ఆర్ట్ డైరెక్టర్ కంటికి ఇదంతా ఆస్తే. సెట్లో వాడే వస్తువుల్ని సినిమావాళ్లు ‘ప్రాపర్టీ’ అనేది ఊరికే కాదేమో!

పెద్ద సినిమా ఇల్లు కడుతుంది. చిన్న సినిమా ఇల్లు వెతుక్కుంటుంది. ఆ వెతుకులాటే ప్రొడక్షన్ డిజైనర్ పనిలో సగం. ఈ పేరు హాలీవుడ్‌లో 1939 నాటి ‘గాన్ విత్ ద విండ్’కు విలియం కామెరాన్ మెంజీస్ చేసిన పనితో స్థిరపడింది. మన టైటిల్స్‌లో చాలాకాలం కళా దర్శకుడనే వేశారు.

ఈ పని లోతు తెలియాలంటే కళా దర్శకుడు నితీష్ రాయ్‌ని చూడాలి. మృణాల్ సేన్ ‘ఖారిజ్’ (1982)లో కలకత్తా మధ్యతరగతి ఇంటి పనిపిల్లాడు చలికి తాళలేక వంటింట్లో పడుకుంటాడు. పొద్దునకి శవమవుతాడు. బొగ్గుల పొయ్యి, మూసిన తలుపు, గాలి పోయే దారి లేని గది. హంతకుడెవరని అడిగితే ఆ గదినే చూపించాలి. మరి ఆ గదిని నమ్మించాల్సింది ఎవరు? నటులు కాదు, కళా దర్శకుడే. రాయ్‌కి జాతీయ అవార్డు వచ్చింది. మరుసటి ఏడాది మన తిరుమలగిరి బిడ్డ శ్యామ్ బెనెగళ్ హైదరాబాద్ నేపథ్యంతో తీసిన ‘మండీ’కి మళ్లీ ఆయనకే. ఊరి నడిబొడ్డున రుక్మిణీబాయి నడిపే కోఠా (వేశ్యాగృహం), తర్వాత ఊరవతల దర్గా పక్కన కొత్త కాపురం. ఇల్లు మారితే మనుషుల మర్యాద ఎలా మారుతుందో ఆ రెండు చోట్లే చెబుతాయి.

అదే రాయ్ తర్వాత ఈ నగరం అంచునే రామోజీ ఫిల్మ్ సిటీకి రూపకల్పన చేశారు. అది 1996లో మొదలైంది. గిన్నిస్ లెక్కలో 1,666 ఎకరాలు. గాలాడని ఒక్క గది నుంచి అంతదూరం! ‘ఖారిజ్’ లాంటి ఇండిపెండెంట్ సినిమా పేరు తెస్తుంది గానీ ఇంటద్దె కట్టదు. అక్కడ నేర్చిన పనే బయట అన్నం పెడుతుంది.

ఇంకొకాయన దారి వేరు. కరీంనగర్ వైపు బూరుగుపల్లిలో పుట్టిన తోట వైకుంఠం. ఎర్రటి కుంకుమ బొట్టు, నిండైన చీర, నల్లని మేని తెలంగాణ స్త్రీలను గీసిన చిత్రకారుడు. బి. నర్సింగరావు ‘దాసి’ (1988)కి కళా దర్శకత్వం ఆయనదే. దొర గడీ, అందులో దాసి, మాటలు తక్కువ, మౌనం ఎక్కువ. రంగులకు పేరుపడ్డ చెయ్యి ఇక్కడ రంగును అణచిపెట్టింది. ఆ సినిమాకొచ్చిన ఐదు జాతీయ అవార్డుల్లో కళా దర్శకత్వానిదీ ఒకటి. ఆయన మాత్రం సినిమాల్లో స్థిరపడలేదు, కాన్వాసే ఆయన ఇల్లు. నన్నడిగితే ఉన్న ఎరుపును వాడకుండా ఆపుకోవడమే కష్టమైన పని.

ఈ పనిలోకి రావాలనుకునే కుర్రాళ్లకు పుస్తకాల కన్నా జుమ్మేరాత్ బజార్ మేలు. గురువారం పొద్దున్నే వెళ్తే పాత గోడ గడియారాలు, కిరోసిన్ స్టవ్‌లు, ఎవరి ఇంటి నుంచో వచ్చిన ఫొటో ఫ్రేములు కుప్పలుగా దొరుకుతాయి. కొత్త గుడ్డను టీ డికాక్షన్‌లో ముంచి పాతది చేయడం రెండు రోజుల్లో వస్తుంది. ఏ కుర్చీని తీసెయ్యాలో తెలియడానికే ఏళ్లు పడుతుంది.

ఇక ఇల్లు దొరికాక అసలు గండం ఉంటుంది. షూటింగ్ అనగానే మన ఇళ్లలో ముందు గుర్తొచ్చేది సున్నం బకెట్టు. కెమెరా రేపొస్తుందంటే ఇవాళ రాత్రికే గోడలు మెరిసిపోతాయి, పరదా ఉతికేస్తారు, సొట్ట బిందె అటకెక్కుతుంది. అందుకే రెక్కీ ముగించి గడప దాటేముందు మరోసారి వెనక్కి తిరిగి చెప్పాలి: “అమ్మా, చూనా నక్కో మారో!” (సున్నం వేయొద్దు!) ఇంత మంచి ఇంటిని ఇలాగే చూపిస్తారా అన్నట్టు ఆమె చూస్తుంది.