యువాయనము – యువీభావము

యువజనుల యోట్లను గోరు రాజకీయనాయకులు వారి భాషను, వేషమును, అభిరుచులను దాల్చఁబూనుదురు. టెలివిజను ప్రహసనకర్తలు దానిని బరిహసింతురు. ఈ హాస్యమునకు బీజ మెద్ది యన, వ్యాకరణమునందలి రెండు ప్రత్యయముల భేదముచే నది సుబోధ మగును.

కాకము డేగవలె నాచరించిన యెడల క్యఙ్‌ప్రత్యయముచే 'శ్యేనాయతే' యందురు. ఇందు ఆచారమే కాని స్వరూపము మాఱదు. మునుపు తెల్లగా లేనిది తెల్లన యైనపుడు చ్విప్రత్యయముచే 'శుక్లీభవతి' యందురు. ఇందు వస్తువే మాఱినది. అట్లే యువకునివలె నాచరించుట 'యువాయతే'. యువకుఁ డగుట 'యువీభవతి'. నాయకుఁడు రెండవదానిని సాధించితి నని తలఁచును. చూపఱులకు మొదటిదియే కానవచ్చును. ఈ యంతరమే హాస్యహేతువు.

దీనికి నిదర్శనము: అమెరికాయందు 1975 మొదలు ప్రసార మగుచున్న 'శాటర్డే నైట్ లైవ్' కార్యక్రమమున 2016 మార్చిలో నొక ప్రచారచిత్రానుకరణము ప్రదర్శింపఁబడెను. డెమొక్రాటిక్ పక్షపు అధ్యక్షాభ్యర్థిత్వమునకు హిల్లరీ క్లింటన్, బెర్నీ శాండర్స్ పోటీపడుచున్న కాల మది. యువజనులు శాండర్స్‌వైపు మొగ్గియుండిరి. క్లింటన్ పాత్రధారిణి కేట్ మెకినన్ మాటలాడుచునే క్రమక్రమముగా శాండర్స్ కండ్లజోడును, తెల్లజుట్టును, తుదకుఁ బలుకుబడిని దాల్చి యాతఁడే యైనట్లు కనఁబడును.

భరతుఁడు వికృతవేషాదులను హాస్యమునకు విభావములుగాఁ జెప్పెను. ఇచ్చట వేషము స్వతః వికృతము కాదు, శాండర్స్‌నకు సహజమే. పరునకు సహజమైనదానిని దనయం దారోపించుకొనుటయే యనౌచిత్యము. మఱియొక విశేషము: అప్పటికి శాండర్స్ వయస్సు 74, క్లింటన్ వయస్సు 68. యువజనులు పెద్దవాని నాదరించిరి. కాఁబట్టి వారిని రంజింప యౌవనచేష్ట లక్కఱలేదు. ప్రభుత్వకళాశాలలలో రుసుము లేని విద్య శాండర్స్ ప్రచారమునఁ బ్రధానవిషయము.

అయినను బ్రహసనమున కొక యవధి కలదు. విద్యార్థుల ఋణభారమును దగ్గించు ప్రణాళికను క్లింటన్ 2015లోనే ప్రకటించియుండెను. అది యా ప్రహసనమునఁ గానరాదు. ప్రజాభిప్రాయమును విని నిజముగా మాఱినవాఁడును, మాఱినట్లు నటించువాఁడును వేషభాషలయం దొక్కరీతినే యుందురు. నవ్వు క్యఙర్థమును బట్టఁగలదు గాని చ్వ్యర్థమును నిర్ణయింపఁజాలదు. కేవలము నవ్వునే ప్రమాణముగాఁ గొన్నచో, నిజముగా మాఱఁదలఁచిన నాయకుఁడును వెనుదీయును. కావున ప్రహసనము సందేహమును మాత్రమే పుట్టించును; దానిని దీర్చుట నాయకుని పూర్వాపరాచరణమును బరిశీలించు ఓటరు పని.