గైడ్ వెంట ఉఫిజి గ్యాలరీ: అపోహలు – వాస్తవాలు

యూరప్ ప్యాకేజీల్లో ఫ్లోరెన్స్‌కి తరచు ఒక పూటే దక్కుతుంది. ఆ పూటలో ఉఫిజి గ్యాలరీకి రెండు గంటలు కేటాయించి, పది పన్నెండు మందికి మించని చిన్న గుంపులో గైడ్ వెంట నడిచే టూర్‌కి విడిగా డబ్బు కట్టాలా వద్దా అని తర్జనభర్జన పడేవాళ్లు ఎక్కువ. కట్టమనేవాళ్ల కారణాలూ, వద్దనేవాళ్ల కారణాలూ చాలావరకు అపోహల మీదే నిలబడి ఉంటాయి. గైడ్ ఉంటే మ్యూజియం మొత్తం చూసెయ్యొచ్చని ఒకరంటారు. గుంపుతో వెళ్తే లైనే ఉండదని మరొకరంటారు. బొమ్మ చూడటానికి కళ్లుంటే చాలు కదా, మధ్యలో ఇంకొకరెందుకు అని వేరొకరంటారు. ఈ మాటలన్నీ ఒకే పొరపాటు నుంచి పుడుతున్నాయి. మ్యూజియంలో మనకి కొరవడేది సమాచారమో, సౌకర్యమో అనుకుంటున్నాం. కొరవడేది ఒక్కో బొమ్మ మీద చూపు నిలిచే సమయం. చిన్న గుంపు టూర్ ఆ సమయాన్ని ఇవ్వగలిగితేనే దానికి పెట్టిన డబ్బుకి అర్థం ఉంది.

మొదట మొత్తం చూసెయ్యడం సంగతి. ఉఫిజిని మ్యూజియం కోసం కట్టలేదు. ఫ్లోరెన్స్ పాలకుడు మొదటి కోసిమో దె మెదిచి, ప్రభుత్వ శాఖలన్నీ ఒకచోట ఉండాలని 1560లో జార్జో వసారి చేత మొదలుపెట్టించిన కచేరీల సముదాయం అది. కోసిమో కొడుకు ఫ్రాంచెస్కో పై అంతస్తులో తన సేకరణను అమర్చుకున్నాడు. ఆ వంశంలో ఆఖరి వారసురాలు అన్నా మరియా లూయిజా, తమ కళాసంపద ఫ్లోరెన్స్ దాటి పోకూడదని 1737లో ఒప్పందం రాయించింది. 1769లో గ్యాలరీ తలుపులు ప్రజలకి తెరుచుకున్నాయి. తరతరాలుగా ఒక కుటుంబం పోగుచేసినవీ, తరవాత చర్చిల నుంచీ మఠాల నుంచీ వచ్చి చేరినవీ కలిసిన సేకరణ ఇది. ఒక పూటలో చూసి ముగించమని ఎవరూ దాన్ని పేర్చలేదు. అలా చూడటం మనిషి వల్ల అయ్యే పని కూడా కాదు. బోస్టన్ లలితకళల మ్యూజియంలో పనిచేసిన బెంజమిన్ ఐవ్స్ గిల్మన్ 1916లో మ్యూజియం అలసట గురించి ఒక వ్యాసం ప్రచురించారు. అద్దాల పెట్టెల్లో వస్తువుల్ని చూడటానికి సందర్శకుడు ఎన్ని విధాల వంగాలో, మెడ ఎంత సాచాలో ఫొటోలు తీయించి మరీ చూపించారు. కొంతసేపయ్యేసరికి కళ్లు తెరిచే ఉన్నా మనసు చూడటం మానేస్తుంది. మ్యూజియంలో సందర్శకుల వెంట ఉండి వివరించే మనుషుల్ని నియమించాలని అంతకు పదేళ్ల ముందు అదే సంస్థలో పట్టుబట్టిందీ ఈ గిల్మనే. ఒకే మనిషి ఈ రెండు పనులూ చెయ్యడం నాకు కాకతాళీయంగా అనిపించదు. అలసటకి విరుగుడు ఎంపిక. ఆ ఎంపికకి తెలిసిన మనిషి కావాలి. వందల బొమ్మల్లో ఏ పదిహేనింటి దగ్గర ఆగాలో, మిగతావాటిని ఏ సంకోచమూ లేకుండా ఎలా దాటిపోవాలో తెలియడమే గైడ్ నైపుణ్యం. అందుకే టూర్ వివరాల్లో ఎక్కువ బొమ్మల జాబితా కనిపిస్తే సంతోషించకండి, అనుమానించండి. ఆ జాబితాలో మైకెలాంజెలో డేవిడ్, మోనాలిసా లేవని నిరాశపడే పనీ లేదు. డేవిడ్ ఉన్నది అదే ఊళ్లో అకడేమియా గ్యాలరీలో. మోనాలిసా పారిస్‌లో ఉంది. 1911లో లూవ్ర్ నుంచి దొంగతనానికి గురైన ఆ చిత్రం 1913 డిసెంబరులో ఫ్లోరెన్స్‌లోనే దొరికి, తిరుగు ప్రయాణానికి ముందు కొద్దిరోజులు ఉఫిజిలో ప్రదర్శనకి నిలిచింది, అంతే.

ఇక కళ్లుంటే చాలన్న వాదన. ఇందులో కొంత నిజముంది, అందుకే దీనికి జాగ్రత్తగా జవాబు చెప్పాలి. న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో జరిపి 2001లో వెలువరించిన ఒక అధ్యయనంలో, పేరుమోసిన చిత్రాల ముందు సందర్శకులు నిలబడిన సగటు సమయం 27 సెకన్లని తేలింది. పక్కన గోడ మీది చీటీ చదివిన సమయం కూడా అందులోనే కలిసి ఉంది. సగంమంది 17 సెకన్లు కూడా నిలబడలేదు. తరవాత చికాగో ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్‌లో మళ్లీ కొలిచినప్పుడు కూడా సగటు అరనిమిషం లోపే వచ్చింది. వీళ్లకి కళ్లు లేకపోలేదు. ఆగడానికి కారణం దొరకలేదు. ఆ కారణాన్ని చేతికి అందించడమే గైడ్ చేసే పని.

ఉఫిజిలోనే ఒక చిత్రం ముందు ఇది ఎలా జరుగుతుందో చూద్దాం. లియొనార్డో డావిన్చి ఇరవైల తొలి ఏళ్లలో, సుమారు 1472 ప్రాంతంలో వేసిన మంగళవార్త చిత్రం అది, అంటే యేసు పుడతాడని దేవదూత మరియమ్మకి చెప్పే ఘట్టం. ఎత్తు మీటరు, వెడల్పు రెండు మీటర్ల పైచిలుకు ఉన్న చెక్క పలక. ఎడమవైపు పూలతోటలో మోకాలి మీద వాలిన గబ్రియేలు దూత, కుడివైపు వ్యాసపీఠం ముందు కూర్చున్న మరియమ్మ. ఎదురుగా నిలబడి అరనిమిషం చూసినవాళ్లకి ప్రశాంతమైన బొమ్మ. ఇప్పుడు గైడ్ ఒక్క ప్రశ్న అడుగుతారు: మరియమ్మ కుడిచెయ్యి సరిగ్గా ఉందా? అప్పుడు గాని కనిపించదు. వ్యాసపీఠం మనకి దగ్గరగా ఉంది, ఆమె దానికి కాస్త వెనగ్గా కూర్చుని ఉంది. ఆ దూరాన్ని దాటి పుస్తకం మీదికి రావాలంటే చెయ్యి ఉండాల్సిన దానికంటే పొడుగ్గా సాగాలి, అలాగే సాగింది. గైడ్ అందరినీ చిత్రానికి కుడిపక్కకి నడిపించి మళ్లీ చూడమంటారు. ఆ కోణం నుంచి చెయ్యి కురచబడి పొందికగా కుదురుతుంది. ఈ పటం చర్చిలో పక్కగోడ మీద వేలాడేదనీ, జనం కుడివైపు నుంచి చూస్తారని తెలిసే లియొనార్డో ఇలా వేశాడనీ కొందరు పండితులంటారు. ఇంకా చెయ్యి తిరగని కుర్రవాడి పొరపాటేనని మరికొందరంటారు. ఫ్లోరెన్స్ బయటి ఒక మఠం నుంచి 1867లో ఇది ఉఫిజికి వచ్చేనాటికి గిర్లాందాయో చిత్రంగా చెలామణి అయ్యేదన్న సంగతి కూడా ఈ రెండు అభిప్రాయాల చర్చని ఆసక్తికరం చేస్తుంది. ఎందుకంటే ఇక్కడి తడబాటుని, మెరుపుని రెంటినీ కలిపి చూసినప్పుడే చిత్రకారుడు ఎవరన్నది ప్రశ్న అవుతుంది. ఈ తతంగమంతా అయ్యేసరికి ఏడెనిమిది నిమిషాలు గడుస్తాయి. చూసింది మన కళ్లే. గైడ్ మన బదులు చూడలేదు, ఎక్కడ నిలబడాలో చెప్పారు. ముందే వివరిస్తే సొంత అనుభూతి చచ్చిపోతుందని భయపడేవాళ్లకి నా జవాబు ఇదే. మంచి ప్రశ్న అనుభూతిని మొదలుపెడుతుంది. నిర్ధారణలు ముందే వల్లించే గైడ్‌తోనే ఆ భయం నిజమవుతుంది, అలాంటివాళ్లు ఉన్నారు కూడా.

సరే, గైడ్ అవసరమే, గుంపు చిన్నదై ఎందుకు ఉండాలి, ముప్పైమందితో వెళ్తే చవగ్గా పోతుంది కదా అనొచ్చు. దీనికి బొమ్మల కొలతలే సమాధానం. ఉర్బీనో ప్రభువు ఫెదెరికో ద మోంతెఫెల్త్రో, అతని భార్య బత్తిస్తా స్ఫోర్జాల జంట చిత్రాలు ఉఫిజికి పెద్ద ఆకర్షణ. పియెరో దెల్లా ఫ్రాంచెస్కా వేసినవి. ఒక్కో పలక ఎత్తు 47 సెంటీమీటర్లు, వెడల్పు 33. దినపత్రికలో ఒక పేజీ కంటే చిన్నవి. ముందు నలుగురు నిలబడితే అయిదో మనిషికి కనిపించేది వీపులే. ఫెదెరికో గుర్రాల మీద ఈటెలతో తలపడే పోటీలో కుడికన్ను పోగొట్టుకున్నాడు కనక ఎడమ పక్కముఖమే వేశారు. ముక్కు ఎగువన గొయ్యిలాంటి వంపు, చెంప మీద పులిపిరులు, చెవి దగ్గర వంకీ తిరిగిన జుట్టు, దేన్నీ దాచలేదు. బత్తిస్తా ముఖం మాత్రం పాలిపోయినట్టుంటుంది. ఆమె 1472లో చనిపోయింది, చిత్రం ఆ తరవాతిదేనని చాలామంది నమ్ముతారు. ఆ నమ్మకానికి ఆధారం పలకల వెనకవైపు ఉంది. అక్కడ కూడా చిత్రాలున్నాయి: ఇద్దరూ రథాల మీద ఊరేగుతుంటారు, కింద లాటిన్ శాసనాలు. భర్త గురించి వర్తమానంలోనూ, భార్య గురించి గడిచిపోయిన కాలంలోనూ రాసి ఉంటుంది. అద్దంలో నిలబెట్టిన ఆ పలకల చుట్టూ తిరిగి చూడాలి. పదిమంది తిరగగలరు. ముప్పైమంది తిరగలేరు, గైడ్ వాళ్లని ఆ గదిలోంచి తొందరగా దాటించేస్తారు. పెద్ద గుంపులో వెనకున్నవాళ్లకి ఇయర్‌ఫోన్‌లో మాటలు అందుతాయి, బొమ్మ అందదు.

లైన్ సంగతి త్వరగా తేల్చేద్దాం. ముందుగా వేళ ఖరారు చేసుకున్న టికెట్ ఉంటే, అది టూర్‌దైనా సొంతంగా కొన్నదైనా, టికెట్ కౌంటర్ లైన్ తప్పుతుంది. భద్రతా తనిఖీ లైన్ ఎవరికీ తప్పదు. ఏటా 20 లక్షల మందికి పైగా వచ్చే చోట లోపలి రద్దీ కూడా తప్పదు. లైన్ తప్పించుకోవడం ఒక్కటే కావలసినవాళ్లకి గైడ్ అక్కర్లేదు. సోమవారం గ్యాలరీ మూసి ఉంటుందన్నది మాత్రం ఎవరైనా గుర్తుంచుకోవాలి. ఫొటోలు నిషేధమన్నది పాతమాట. ఫ్లాష్ లేకుండా సొంతానికి తీసుకోవడానికి ఇటలీ మ్యూజియాల్లో 2014 నుంచి అనుమతి ఉంది. కాకపోతే అమెరికాలో లిండా హెంకెల్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త మ్యూజియం టూర్‌కి తీసుకెళ్లిన విద్యార్థుల మీద చేసి, 2014లోనే ప్రచురించిన ప్రయోగంలో ఒక సంగతి బయటపడింది. ఫొటో తీసిన వస్తువులు, ఊరికే చూసిన వస్తువులకంటే తక్కువ గుర్తున్నాయి. ఏదో ఒక భాగాన్ని దగ్గరికి లాగి తీసినవాళ్లకి మాత్రం ఆ నష్టం జరగలేదు. శ్రద్ధ పెట్టి ఎంచుకున్న చోట జ్ఞాపకం నిలబడింది.

గైడ్ చెప్పిందంతా చరిత్రేనన్న అపోహ వీటన్నిటికంటే గట్టిది. ఇటలీలో గైడ్‌గా పనిచెయ్యడానికి లైసెన్స్ తప్పనిసరి, చాలామంది బాగా చదువుకున్నవాళ్లు. అయినా ఫ్లోరెన్స్‌లో కట్టుకథలకి కొదవ లేదు. వాటిలో చాలావాటి మూలం భవనం కట్టిన వసారే, ఎందుకంటే 1550లో చిత్రకారుల జీవితచరిత్రలు రాసిందీ ఆయనే. వెరోక్కియో వేస్తున్న క్రీస్తు బాప్తిస్మ చిత్రంలో శిష్యుడు లియొనార్డో ఒక దేవదూతని వేశాడనీ, అది చూసి గురువు ఇక కుంచె ముట్టనని ఒట్టేసుకున్నాడనీ ఆయన రాశాడు. దేవదూత లియొనార్డోదేనన్నదాన్ని నేటి పండితులూ ఒప్పుకుంటారు. ఒట్టు సంగతి మాత్రం కథే, వెరోక్కియో వర్క్‌షాపు తరవాత కూడా చిత్రాల పని ఒప్పుకుంటూనే ఉంది. బొత్తిచెల్లి వీనస్ జననం ముందు వినిపించే, వీనస్‌కి నమూనా సిమొనెత్తా వెస్పుచ్చి అనే అందగత్తె అన్న కథ ఇంకో ఉదాహరణ. ఆమె 1476లో చనిపోయింది, చిత్రం 1485 ప్రాంతానిది, ఆమె దానికి నమూనా అని చెప్పే ఆనాటి కాగితం ఒక్కటీ లేదు. చిన్న గుంపుకి ఉన్న మరో బలం ఇక్కడే బయటపడుతుంది. ‘ఈ మాటకి ఆధారం ఏమిటండీ’ అని మధ్యలో అడగొచ్చు. రికార్డు చేసిన ఆడియో గైడ్‌ని అడగలేం, ముప్పైమంది గుంపులో అడిగే సందు దొరకదు. ఇది ప్రచారంలో ఉన్న కథ, ఇది పత్రం ఉన్న సంగతి అని విడదీసి చెప్పే గైడ్ దొరికితే అదృష్టమే.

చివరిగా, ఇవన్నీ క్రైస్తవ కథలు, ఇటలీ చరిత్ర, మనకేం తెలుస్తుందన్న వెనుకంజ. తెలుగు క్రైస్తవుల ఇళ్లలో గబ్రియేలు దూత, తూర్పు దేశపు జ్ఞానులు చిన్నప్పటినుంచీ తెలిసినవాళ్లే. తక్కినవాళ్లకి కూడా దారి మూసుకుపోలేదు. బొత్తిచెల్లి 1475 ప్రాంతంలో వేసిన జ్ఞానుల ఆరాధన చిత్రంలో బాలయేసు ముందు మోకరించిన వృద్ధ జ్ఞాని ముఖం అప్పటికే చనిపోయిన పెద్ద కోసిమో దె మెదిచిది (ఉఫిజి కట్టించిన మొదటి కోసిమో కాదు). బొమ్మ వేయించిన డబ్బు వ్యాపారి గాస్పరే దెల్ లామా కూడా గుంపులో నిలబడి మనవైపు చూస్తుంటాడు. లేపాక్షి వీరభద్రాలయం కప్పు మీద, గుడి కట్టించిన విరూపణ్ణ, వీరణ్ణ సోదరులు దేవుడి ముందు నిలిచి ఉన్న చిత్రాన్ని చూసినవాళ్లకి ఈ ఏర్పాటు వెంటనే అర్థమవుతుంది. డబ్బూ, భక్తీ, పేరు నిలవాలన్న కోరికా కలిసి పవిత్ర చిత్రంలో చోటు సంపాదించుకోవడం రెండుచోట్లా కనిపిస్తుంది. లేపాక్షి చిత్రాలు పదహారో శతాబ్ది తొలి సగానివి, ఉఫిజిలోనే ఉన్న తిషియన్ ఉర్బీనో వీనస్ 1538 నాటిది. ఇంచుమించు ఒకే కాలం. ఈ లంకె ఇటలీ గైడ్‌కి తెలియకపోవచ్చు. మనం చెప్పొచ్చు, చిన్న గుంపులో అందుకు వీలుంటుంది.

ఖర్చు నిజమైన అభ్యంతరమే, దాన్ని తోసిపుచ్చలేను. నలుగురున్న కుటుంబానికి అది పెద్ద మొత్తమవుతుంది. అంత పెట్టలేనివాళ్లు టికెట్ మాత్రం కొనుక్కుని, పది చిత్రాలు ముందే ఎంచుకుని, ఒక్కోదాని ముందు అయిదు నిమిషాలు నిలబడగలిగితే పైన చెప్పిన లాభంలో చాలాభాగం వాళ్లకీ దక్కుతుంది. టూర్ తీసుకునేవాళ్లు బేరం కుదుర్చుకునే ముందు గుంపులో గరిష్ఠంగా ఎంతమంది, ఎన్ని చిత్రాల దగ్గర ఆగుతారు, గైడ్‌కి లైసెన్స్ ఉందా అని మూడూ అడగాలి. ఉదయం వేళ ఎంచుకోవాలి. గైడ్ సెలవు తీసుకున్నాక బయటికి వచ్చెయ్యాలని లేదు, బయట అడుగుపెట్టనంతవరకు అదే టికెట్ మీద గ్యాలరీ మూసేదాకా లోపలే ఉండొచ్చు. కాబట్టి టూర్ అయిన వెంటనే రైలో బస్సో పెట్టుకోకుండా ఇంకో గంట అట్టే పెట్టుకుని, మంగళవార్త దగ్గరికో ఉర్బీనో జంట దగ్గరికో ఎవరికివారు వెనక్కి వెళ్లడం మంచిది.