లేఖ అందితే సీటు ఖాళీ

ఓటర్లు గెలిపించిన ప్రతిపక్ష సభ్యులను ప్రతిపక్షంలోని ముఠాలే ఇంటికి పంపడం జింబాబ్వేలో మామూలైంది. రాజధానిలోని హరారే ఈస్ట్ కథ చూస్తే ఆ తంతు అర్థమవుతుంది.

హరారే ఈస్ట్ ఓటర్లు 2000 నుంచి 2023 వరకు జరిగిన ఏ సార్వత్రిక ఎన్నికలోనూ అధికార జాను-పీఎఫ్‌ను గెలిపించలేదు. అయినా 2015లో ఒకసారి, 2024లో మరోసారి ఆ సీటు జాను-పీఎఫ్ ఖాతాలో పడింది. రెండూ ఉప ఎన్నికలే. ఆ రెండింటికీ దారి తీసింది ప్రతిపక్షంలోని కీచులాటలే.

జింబాబ్వే రాజకీయాల్లో పల్లెకూ పట్నానికీ పొత్తు కుదరదు. పల్లెల్లో జాను-పీఎఫ్‌కు ఎదురులేదు. పట్నాల్లో ఆ పార్టీ జెండా పట్టేవాళ్లు తక్కువ. కార్మిక సంఘాల అండతో 1999లో పుట్టిన మూవ్‌మెంట్ ఫర్ డెమొక్రాటిక్ చేంజ్ (ఎండీసీ) ఏడాది తిరక్కుండానే 120 స్థానాల్లో 57 గెలుచుకుని రాబర్ట్ ముగాబేకు ముచ్చెమటలు పోయించింది. హరారేలోని మొత్తం 19 స్థానాలూ దానివే. 2005లో ముగాబే సర్కారు పట్టణాల్లోని గుడిసెలు, చిల్లర దుకాణాలను బుల్‌డోజర్లతో కూల్చేసింది. దాదాపు 7 లక్షల మంది గూడో, ఉపాధో కోల్పోయారని ఐక్యరాజ్యసమితి లెక్కగట్టింది. ఆ తర్వాత పట్నం ఓటరు మనసు మారకపోవడంలో ఆశ్చర్యమేముంది?

హరారే ఈస్ట్‌లో 2000లో గెలిచిన ఎండీసీ అభ్యర్థి టెండయ్ బిటి వృత్తిరీత్యా లాయరు. మోర్గాన్ త్సవాంగిరాయ్ నాయకత్వంలోని పార్టీకి ప్రధాన కార్యదర్శి అయ్యారు. 100 ట్రిలియన్ డాలర్ల నోటు అచ్చేసిన దేశానికి 2009 ఫిబ్రవరిలో, సంకీర్ణ ప్రభుత్వంలో, ఆర్థిక మంత్రి కూడా ఆయనే. 2013లో ఎండీసీ దేశమంతా చిత్తుగా ఓడినా బిటి సీటు పదిలంగానే ఉంది. ఆ ఓటమితో త్సవాంగిరాయ్ తప్పుకోవాలని పట్టుబట్టి ఆయన 2014లో వేరు కుంపటి పెట్టారు. 2015 మార్చిలో త్సవాంగిరాయ్ పార్టీ స్పీకరుకు లేఖ రాసింది. బిటి సహా 21 మంది పదవులు ఊడాయి.

ఆ లేఖకు బలం 2013 రాజ్యాంగంలోని 129వ సెక్షన్. సభ్యుడు తనను గెలిపించిన పార్టీకి చెందకుండా పోయాడని ఆ పార్టీ రాతపూర్వకంగా తెలియజేస్తే సీటు ఖాళీ అయినట్టే. ఫిరాయింపుల నిరోధక చట్టంతో 1985 నుంచి కుస్తీ పడుతున్న మన పాఠకులకు ఇది వింతగా తోస్తుంది. ఇక్కడి గొడవ స్పీకర్లు ఏదీ తేల్చరనే. పది మంది బీఆర్‌ఎస్ ఎమ్మెల్యేల ఫిరాయింపు పిటిషన్లపై మూడు నెలల్లో తేల్చాలని తెలంగాణ స్పీకరుకు 2025 జులైలో సుప్రీంకోర్టు చెప్పాల్సి వచ్చింది. హరారేలో ఆ బెంగ లేదు. లేఖ అందడమే తరువాయి.

మరి సభ్యులను ఇంటికి పంపిన త్సవాంగిరాయ్ పార్టీ ఆ సీట్లను నిలబెట్టుకుందా అంటే అదీ లేదు. సంస్కరణలు లేనిదే పోటీ చేసేది లేదంటూ 2015 జూన్ ఉప ఎన్నికలను బహిష్కరించింది. హరారే ఈస్ట్‌లో జాను-పీఎఫ్ అభ్యర్థి టెరెన్స్ ముకుపే గెలిచారు. సొంత పొలంలో పంట కోసి పొరుగువాడి గాదెలో పోసినట్టయింది.

ముగాబే 2017లో గద్దె దిగాక, 2018లో ఎండీసీ కూటమి తరఫున పోటీ చేసిన బిటి ముకుపేను ఓడించి సీటు తిరిగి దక్కించుకున్నారు. 2021 మార్చిలో మళ్లీ లేఖ వచ్చింది. ఈసారి రాసింది పీపుల్స్ డెమొక్రాటిక్ పార్టీ. వేరుపడ్డాక 2015లో బిటి తానే పెట్టుకున్న పార్టీ అది! దాని పేరు మీద ఓ వర్గం లేఖ రాస్తే చెల్లిపోయింది. కొవిడ్ పేరుతో ఉప ఎన్నికలు నిలిపేయడంతో ఏడాది పాటు నియోజకవర్గానికి ప్రతినిధే లేడు. 2022 మార్చి 26న ఓటర్లు మళ్లీ బిటినే ఎన్నుకున్నారు. ఆయన అప్పటికి నెల్సన్ చమీసా కొత్త పార్టీ సిటిజన్స్ కోయలిషన్ ఫర్ చేంజ్ (సీసీసీ) మనిషి. ఆ రోజు ఉప ఎన్నికలు జరిగిన 28 స్థానాల్లో సీసీసీ 19 గెలిచింది.

చమీసా అనుకున్న విరుగుడు విచిత్రమైనది. పాత పార్టీని ప్రత్యర్థి ముఠాలు లాక్కున్న అనుభవంతో, లాక్కోవడానికి ఏమీ మిగలకూడదని సీసీసీకి నియమావళి గానీ కార్యవర్గం గానీ పెట్టలేదు. తాళమే లేని ఇంటికి దొంగ భయం లేదనుకున్నారు కాబోలు. 2023 ఆగస్టు ఎన్నికల్లో బిటి పోటీ చేయలేదు. సీసీసీ తరఫున రస్టీ మార్కమ్ నిలబడి గెలిచారు. అక్టోబరులో సెంగెజో త్షబాంగు అనే వ్యక్తి తాను సీసీసీ తాత్కాలిక ప్రధాన కార్యదర్శినంటూ స్పీకరు జేకబ్ ముడెండాకు లేఖ పంపారు. పార్టీలో అలాంటి పదవే లేదని చమీసా మొత్తుకున్నా స్పీకరు లేఖనే నమ్మారు. కార్యవర్గమే లేని పార్టీలో అసలు ప్రధాన కార్యదర్శి ఎవరో రుజువు చేయడం చమీసాకు సాధ్యం కాలేదు.

పర్యవసానం పొరుగున ఉన్న మబ్వుకు-టఫారాలో మరింత దారుణం. సీసీసీ కోసం ప్రచారం చేస్తున్న పాస్టర్ టపుమనేయి మసాయాను 2023 నవంబరులో ఎత్తుకుపోయి చంపేశారు. డిసెంబరు 9న తొమ్మిది చోట్ల ఉప ఎన్నికలు జరిగితే ఏడు జాను-పీఎఫ్‌కు దక్కాయి. ఫిబ్రవరిలో జరిగిన ఆరూ దానికే. దాంతో 280 మంది సభలో మూడింట రెండొంతుల బలం చేతికొచ్చింది. సార్వత్రిక ఎన్నికల్లో ఓటర్లు ఇవ్వనిది అదే.

చమీసా 2024 జనవరిలో తాను పెట్టిన పార్టీనే వదిలేశారు. ఆ వెనకే మార్కమ్ రాజీనామా చేశారు. ఏప్రిల్ 27న హరారే ఈస్ట్‌లో ఓటేయడానికి వచ్చినవాళ్లే తక్కువ. జాను-పీఎఫ్ అభ్యర్థి కివెన్ ముటింబన్యోకా గెలిచారు.

అధ్యక్షుడు ఎమర్సన్ మ్నంగాగ్వా 2023లో గెలిచింది రెండోసారి. 2013 రాజ్యాంగం ప్రకారం అదే ఆఖరిసారి, గడువు 2028. ఆయన 2030 దాకా కొనసాగాలని జాను-పీఎఫ్ 2024 అక్టోబరులో బులవాయో మహాసభలోనూ, 2025 అక్టోబరులో ముతారే మహాసభలోనూ తీర్మానించింది. రాజ్యాంగాన్ని సవరించడానికి ముందుగా కావలసింది ఆ మూడింట రెండొంతులే. ప్రజాభిప్రాయ సేకరణ కూడా జరపకుండా కుదరదన్నది వ్యతిరేకుల వాదన. 2025లో ఈ పొడిగింపుపై గట్టిగా గళమెత్తిన వారిలో టెండయ్ బిటి ఒకరు. అప్పటికి ఆయన పార్లమెంటులో లేరు.